ఆరుంపావులో రెండుముప్పావు పోతే

దంగేటి ముక్తేశ్వరరావు మేష్టారు జీవితంలో వేసిన జోకులన్నిటిలోకీ ఒక్కదానికి మాత్రం ఆయనతో సహా బొత్తిగా ఎవరూ నవ్వలేదు. ప్రభుత్వం అమలు చేసింది సరిగ్గా దాన్నే.

ఆయన రేవుపాలెం జిల్లా పరిషత్ హైస్కూల్లో లెక్కల మేష్టారు. వయసు యాభైకి దగ్గర, గొంతు మైకుకి దూరం. అంటే, మైకు అవసరం లేదని. మాటకో విరుపు విరవందే ఆయనకి మజ్జిగన్నం అరగదు. భిన్నాల పాఠం మొదలుపెడితే "హారం మెడలో వేసుకోకండర్రా, గీత కింద వెయ్యండి" అంటారు. తీసివేత దగ్గరకొస్తే "శేషం వచ్చిందా? పడగ లేదులే, పట్టుకో" అంటారు. పిల్లలు నవ్వరు. ఆయనే నవ్వుకుంటారు. ఆ నవ్వుకి పక్క గదిలో సోషల్ మేష్టారు అక్బరుని సింహాసనం మెట్ల మీదే నిలబెట్టేసి, కిటికీలోంచి చూస్తూ ఉండిపోతారు.

అంతటి మేష్టారికి రాష్ట్రస్థాయి సదస్సులో మాట్లాడమని పిలుపొచ్చింది. అంశం: మిశ్రమ భిన్నాల తీసివేతకు సంబంధించిన పదసమస్యలను విద్యార్థులు ఎందుకు సాధించలేకపోతున్నారు? ముందు మాట్లాడిన పెద్దలు ఒక్కొక్కరూ పిల్లల్ని, తల్లిదండ్రుల్ని, సెల్‌ఫోన్లనీ వరసగా తిట్టి దిగిపోయారు. హాల్లో సగం మంది కళ్ళు మూసుకుని ఆలోచిస్తున్నారు. కొందరు గురకపెట్టి మరీ ఆలోచిస్తున్నారు. మేష్టారు లేచి, మైకుని పక్కకి జరిపి, కప్పు ఎగిరేలా అందుకున్నారు.

"అయ్యా! పదసమస్యలు పిల్లలకి ఎందుకు రావంటే, అవన్నీ పచ్చి అబద్ధాలు కాబట్టి! రమణయ్య వద్ద నాలుగున్నర మీటర్ల నిచ్చెన కలదు, అందులో ఒకటిముప్పావు మీటర్లు కోసివేసెను అంటాం. ఎవడండీ ఈ రమణయ్య? నిచ్చెన ఎందుకు కోశాడు? ఒంట్లో బాగుందా? అసలు సంగతి నేను చెబుతాను. మనం మనుషుల్ని చూసి లెక్క రాయం. ముందు అంకెలు ఎంచుకుంటాం. పై భిన్నం చిన్నది, తీసేసే భిన్నం పెద్దది. అరలోంచి ముప్పావు పోదు గనక పూర్ణసంఖ్యలోంచి ఒకటి లాగి, నాలుగు పావులు చేసి, కలిపి, అప్పుడు తియ్యాలి. పిల్లాడు సరిగ్గా అక్కడ బోర్లా పడాలి. అదీ మన ముచ్చట! ఆ తర్వాత ఆ అంకెల్ని మొయ్యడానికి ఎవడో ఒకడు కావాలి కదా, గుర్తొచ్చినవాడి నెత్తిన పెట్టేస్తాం. నన్నడిగితే, ఇక మీదట రమణయ్య నిజంగా ఉండాలి, నిచ్చెన నిజంగా కొయ్యాలి, కోశాకే పుస్తకంలో వెయ్యాలి అని ఉత్తర్వు ఇచ్చెయ్యండి! పిల్లలకి భిన్నాలు వస్తాయో రావో గానీ, ఊళ్ళో నిచ్చెనలు మాత్రం ఛిన్నాభిన్నాలవుతాయి!"

అని, నవ్వు కోసం చోటిచ్చి ఆగారు. నవ్వు రాలేదు. మొదటి వరసలో పాఠ్యగ్రంథ సంస్కరణ మండలి డైరెక్టరు డాక్టర్ పరాంకుశం గారు మాత్రం తల పంకిస్తూ ఏదో రాసుకుంటున్నారు. ఆయన నవ్వగా చూసినవాళ్ళు లేరు. పెళ్ళి ఫొటోలో కూడా ఆయన ఏదో ప్రతిపాదనని ఆమోదిస్తున్నట్టే ఉంటారట.

"ఆ చివరి మాట ఇంకోసారి చెప్పండి," అన్నారు డైరెక్టరు గారు.

"ఛిన్నాభిన్నాలా సార్?" మేష్టారి మొహం వెలిగింది.

"అది కాదు. కోశాకే పుస్తకంలో వెయ్యాలన్నది."

నెల తిరక్కుండా ఉత్తర్వు వచ్చేసింది. పేరు, వాస్తవ జీవన పదసమస్యా పథకం. "పదసమస్యయందు పేర్కొనబడు వ్యక్తి సజీవుడై, స్థానికుడై, సదరు వస్తువునకు యజమానియై యుండవలెను. సదరు తీసివేతను మండల వాస్తవాధికారి సమక్షమున భౌతికముగా జరిపించి, శేషమును కొలిపించి, ధ్రువపరచవలెను. వ్యక్తి నిరాకరించిన పక్షమున, సమస్యా రచయితనే సదరు వ్యక్తిగా పరిగణించి, సమాన పరిమాణముగల ఆయన సొంత వస్తువుతో కార్యక్రమము సంపూర్ణము గావించవలెను." అన్నిటికీ కింద ఇంకో వాక్యం ఉంది: "ఈ విప్లవాత్మక భావనకు మూలపురుషుడు శ్రీ దంగేటి ముక్తేశ్వరరావు."

మేష్టారు గతుక్కుమన్నారు. అది జోకు మహాప్రభో అని చెప్పేద్దామని ఫోను తీశారు. 'మూలపురుషుడు' అన్న మాట మళ్ళీ చదివారు. ఫోను పెట్టేశారు.

ఇంట్లో భార్య సత్యవేణికి చదివి వినిపిస్తే ఆవిడ వంకాయలు తరుగుతూ తలెత్తకుండా అంది, "మూల కూర్చునే పురుషుడని కాదు గదండీ?"

మాటలు విరిచే హక్కు ఇంట్లో ఒక్కరికే ఉండాలని మేష్టారి అభిప్రాయం. సత్యవేణిది భిన్నాభిప్రాయం.

మొదటి వాస్తవ సమస్యకి రేవుపాలెంలోనే ముహూర్తం పెట్టారు. రమణయ్య అనేవాడు ఊళ్ళో దొరక్కపోతే, ఇళ్ళకి సున్నాలు వేసే కాండ్రేగుల అప్పలసామి దొరికాడు. అతని నిచ్చెన సరిగ్గా నాలుగున్నర మీటర్లు. మండల వాస్తవాధికారిగా కొత్తగా వేసిన జోగారావు గారు టేపు మెడలో వేసుకుని వచ్చారు. డాక్టర్లకి స్టెతస్కోపు ఎలాగో, ఆయనకి అది అలాగ.

"నా పేరు బుక్కులో పడుద్దాండి?" అన్నాడు అప్పలసామి.

"పడుతుంది. రాష్ట్రమంతా చదువుతుంది," అన్నారు మేష్టారు.

"ఫొటో కూడానాండి?"

"లెక్కల పుస్తకంలో ఫొటోలుండవు అప్పలసామీ. నీ పొట్ట ఇంకాస్త పెరిగితే వృత్తాల పాఠంలో చూద్దాం."

అప్పలసామి పొంగిపోయి తన నిచ్చెన తనే కోశాడు. ఒకటిముప్పావు తీసేశారు. ఆరో తరగతి పిల్లలు నోటితో లెక్క కట్టి "రెండుముప్పావు!" అని అరిచారు. జోగారావు గారు టేపు పెట్టి చూస్తే చిటికెనవేలు మందం తక్కువొచ్చింది.

"రంపం తినేసిందండి," అన్నాడు అప్పలసామి.

"సమస్యలో రంపము యొక్క ప్రస్తావన లేదు," అన్నారు జోగారావు గారు, మొహం ముడుచుకుని. "ఇది అనధికార తీసివేత."

అరగంట తర్జనభర్జన పడ్డాక, కింద రాలిన పొట్టంతా పోగుచేయించి, మైదా జిగురుతో నిచ్చెన చివర అతికించి, ఆరేదాకా ఆగి, మళ్ళీ కొలిచి, సంతకం పెట్టారు. లెక్క సరిపోయింది. ఆ రోజునుంచీ అప్పలసామి ఏ ఇంటికి సున్నం వేసినా సగం గోడ దాకే అందేది. ఊళ్ళో గోడలన్నీ కింద తెల్లగా, పైన నల్లగా, మిశ్రమ సంఖ్యల్లా నిలబడ్డాయి.

తర్వాతి సమస్య మేష్టారు పాత అలవాటు కొద్దీ రాసిందే. "మంగతాయారు వద్ద మూడుంపావు లీటర్ల పాలు కలవు. అందు ఒకటిన్నర లీటర్లు ఒలికిపోయినవి. మిగిలిన పాలెన్ని?" పాలమ్మే మంగతాయారు పిలవగానే తపేలా పట్టుకుని వచ్చింది.

"ఒలికిపోయినవి అని యున్నది. నీవు ఒలకబోసినచో చెల్లదు. నీకు తెలియకుండా ఒలకవలెను," అన్నారు జోగారావు గారు.

"తెలీకుండా ఎలాగొలుకుతాయండీ, తవరిప్పుడే తెలియజేశారు గదా!"

"ఏమరుపాటుగా ఉండుము."

"ఎంతసేపండి?"

మంగతాయారు ఏమరుపాటుగా గంటసేపు నిలబడింది. ఎండెక్కింది గానీ పాలు ఒలకలేదు. చివరికి బడి వంటశాల పిల్లిని తీసుకొచ్చి వదిలారు. అది తపేలాని లాఘవంగా దొర్లించింది గానీ ఒకటిన్నర దగ్గర ఆగలేదు. పిల్లి దేన్నీ లెక్కచెయ్యదు గదా! మొత్తం నేలపాలు. రెండోరోజు ఇంకో తపేలా, మూడోరోజు ఇంకోటి. నాలుగోరోజు పిల్లే పాలంటే మొహం తిప్పేసుకుంది. జోగారావు గారు ఆ సమస్య ఎదుట "పిల్లి సహకరించనందున వాయిదా" అని రాసుకున్నారు.

పథకం వల్ల బాగుపడ్డది ఒక్క హెడ్మాస్టరు గారే. ఆయన ఏడున్నర గంటలు బడిలో ఉండి అందులో రెండుముప్పావు గంటలు నిద్రపోయినట్టు మేష్టారు సరదాకి ఓ లెక్క రాశారు. అంతే, జోగారావు గారు పక్కన కుర్చీ వేసుకుని గడియారం చూస్తూ కూర్చోగా ఆయన అధికారికంగా నిద్రపోయారు. మధ్యలో బల్లి అరిచి మెలకువ వస్తే మళ్ళీ మొదటినుంచీ పడుకోబెట్టారు. లేచాక ఆయన మేష్టారి చేతులు పట్టుకుని, "గణితంలో ఇంత శాంతి ఉందని తెలీదయ్యా," అన్నారు.

ఊరు మాత్రం జాగ్రత్తపడిపోయింది. మేష్టారు వీధిలోకి వస్తే ఆరేసిన బట్టలు లోపలికెళ్ళేవి. కిరాణా కొట్లో అడుగుపెడితే "మా దగ్గరన్నీ పూర్ణసంఖ్యలేనండి, భిన్నాల్లేవు" అని షట్టరు సగం దించేవాళ్ళు. ఆ సగం షట్టరు చూసి, "అదిగో భిన్నం!" అని మేష్టారు అందామనుకునేవారు. వినేవాడు లోపలుండిపోయేవాడు.

అలాంటి రోజుల్లో డైరెక్టరు గారి ఫోను వచ్చింది. పథకం వార్షికోత్సవం జిల్లా కేంద్రంలో బ్రహ్మాండంగా చేస్తున్నారట. మూలపురుషుడికి 'గణిత వాస్తవ విభూషణ' బిరుదు, పట్టుపంచెల చాపు, రాష్ట్ర కమిటీలో కుర్చీ. కొత్త పుస్తకం అచ్చుకి వెళ్ళిపోతోంది, భిన్నాల అభ్యాసంలో చివరి సమస్య ఒక్కటే ఖాళీ, అది మూలపురుషుడే వెంటనే పంపాలి. వార్షికోత్సవపు తొందర గనక కొయ్యడం, కొలవడం అచ్చయ్యాక చూసుకుంటారట.

మేష్టారు కాగితం ముందేసుకున్నారు. ఆయన చెయ్యి దాని దారిన అది అంకెలు వేసేసింది: పైన ఆరుంపావు, కింద రెండుముప్పావు. చక్కటి లెక్క. పిల్లాడు పావు దగ్గర బోర్లా పడతాడు, లేచి ఒకటి లాక్కుంటాడు, ఆరు అయిదవుతుంది, పావు అయిదు పావులవుతుంది, జవాబు మూడున్నర. అంకెలు కుదిరాయి. మొయ్యడానికి మనిషే దొరకలేదు. ఊళ్ళో ఎవరి పేరు రాసినా కొట్టేలా ఉన్నారు.

సరిగ్గా అప్పుడే సత్యవేణి గుమ్మంలోకి వచ్చింది, రెండు చేతుల మీద చీర వేసుకుని.

"చూడండి, ఉప్పాడనుంచి ఇప్పుడే తెచ్చాను. ఆరుంపావు ఉంది, జాకెట్టు ముక్కతో కలిపి."

నెమలికంఠం రంగు పట్టు, వంగపండు అంచు. ఆవిడ ఆ నేతవాళ్ళింటికి పదేపదే తిరిగి, దారాలు తనే ఎంచి, కొంగు మీద చిన్న చిన్న కొంగలు రావాలని పట్టుబట్టి నేయించుకుంది. పెళ్ళయిన ఇన్నేళ్ళలో ఆవిడ తనకోసం తను ఎంచుకున్న మొదటి చీర అదే. మిగతావన్నీ మేష్టారు తెచ్చినవే. చీర కొనేటప్పుడు ఆయన రంగు చూడరు, పొడవు చూస్తారు.

"మీ సన్మానానికి కట్టుకొస్తాను," అంది సత్యవేణి. "కొంగలు బాగున్నాయా?"

"ఆఁ, కొంగు నిండా కొంగలు!" అన్నారు మేష్టారు తలెత్తకుండానే. ఆయనకి ఆ మాటలో 'ఆరుంపావు' ఒక్కటే వినపడింది. చెయ్యి దాని దారిన అది రాసేసింది: "సత్యవేణి వద్ద ఆరుంపావు మీటర్ల పట్టుచీర కలదు. అందు రెండుముప్పావు మీటర్లు కత్తిరించివేసెను. మిగిలినదెంత?"

రాశాక, పేరు కొట్టేద్దామా అని కలం ఎత్తిన మాట నిజం. కానీ వాస్తవాధికారులు పిల్లి దగ్గరే ఆగిపోయి ఉన్నారు, దీని వంతు వచ్చేసరికి తను రిటైరవుతాననుకుని కవరు అంటించేశారు.

సన్మానం ఇక వారం ఉందనగా జోగారావు గారు ఇంటికొచ్చారు. టేపు మెడలో ఉంది.

"అమ్మా, తమ చీరను ఒక పర్యాయం కొలవవలెను. డైరెక్టరు గారు సభలో ప్రదర్శనకు తమ సమస్యనే ఎంపిక చేసినారు. మూలపురుషుని కుటుంబమునుంచే ఆదర్శము! వేదికపై తమరు స్వహస్తములతో కత్తిరించెదరు."

సత్యవేణికి ఒక్క ముక్క అర్థం కాలేదు. జోగారావు గారు పుస్తకం తీసి చూపించారు. అచ్చయి, అట్టవేసి, ఇంకా జిగురు వాసనేస్తోంది. ఆవిడ చదివింది. రెండోసారి చదివింది. కాఫీ కలుపుకొస్తానని లోపలికి పారిపోతున్న మొగుడి వైపు చూసింది.

"ఏవండీ, ఇలా రండి. ఏటిది?"

"అదీ... లెక్కే, వేణీ. లెక్కలో నువ్వు. నువ్వంటే నువ్వు కాదు..."

"సజీవమై, స్థానికమై, యజమాని అయి ఉండాలన్నారు గదా, మరి నేను గాక ఎవరు?" అని జోగారావు గారి వైపు తిరిగింది. "బాబూ, పట్టుచీర మధ్యకి ఎవరైనా కత్తిరిస్తారా? మూడున్నర మీటర్లేం చేసుకుంటారు? కట్టుకుంటే సగమే వస్తుంది, కిటికీకి కడితే ఎక్కువవుతుంది."

"ఉపయోగముతో మాకు నిమిత్తము లేదమ్మా. శేషముతోనే నిమిత్తము."

"లెక్క మార్చెయ్యండి మరి."

జోగారావు గారు జాలిగా నవ్వారు. "ఎలా మారుస్తామమ్మా? పుస్తకం అచ్చయిపోయింది. జవాబు ఆఖరి పేజీలో ఉంది. జవాబు ఉన్న తర్వాత సంఘటన జరక్క తప్పదు."

ఆయన వెళ్ళాక సత్యవేణి తిట్టలేదు. తిడితే మేష్టారికి నిశ్చింతగా ఉండేది, తిట్టుని విరిచి ఏదో ఒకటి తిరిగి అనేవారు. ఆవిడ చీర మడత పెట్టి బీరువాలో పెట్టింది.

"నేను చేతుల మీద వేసుకుని చూపిస్తుంటే మీరు కొలత విన్నారన్నమాట," అంది, అంతే.

ఆ వారమంతా ఆ ఇంట్లో సంభాషణ పూర్ణసంఖ్యల్లోనే నడిచింది. ఆఁ. ఊఁ. సరే. మేష్టారు ఓ రాత్రి అన్నంలో పప్పు కలుపుకుంటూ, "పోనీ, బాలేదని చెప్పి నువ్వు సభకి రావడం మానెయ్యి," అన్నారు. "మీ సన్మానం చూడ్డానికే గదా ఆ చీర కట్టుకుంటానన్నాను," అంది ఆవిడ. మరునాడు ఆయన డైరెక్టరు గారికి ఫోను చేసి, ఇదంతా మొదట్లో ఒక జోకండీ అని చెప్పబోయారు. "జోకులు సభలో వెయ్యండి, సమయం ఇస్తాం," అన్నారు డైరెక్టరు గారు.

సభ రోజు రానే వచ్చింది. హాలు నిండా టీచర్లు, పిల్లలు. రేవుపాలెంనుంచి ఓ లారీ నిండా జనం వచ్చారు, తమ వస్తువులు పాల్గొన్న పుస్తకం చూద్దామని. వేదిక మీద ముఖమల్ దిండు, దిండు మీద కత్తెర. మామూలుగా రిబ్బన్లు కత్తిరించే కత్తెరే.

మేష్టారిని పెద్ద కుర్చీలో కూర్చోబెట్టి పూలదండ వేశారు. హారం ఈసారి గీత కింద కాదు, మెడలోనే పడింది. ఆ జోకు ఆయన నాలుక దాకా వచ్చి ఎందుకో వెనక్కెళ్ళిపోయింది. పళ్ళెంలో పెట్టి పట్టుపంచెల చాపు ఇచ్చారు. పంచె, కండువా ఇంకా విడదియ్యని ఒకే నేత, ఎర్ర జరీ అంచు. ఎన్నాళ్ళుగానో ఆయన కలలో కట్టుకు తిరుగుతున్న పంచె అది.

"ఇప్పుడు ప్రత్యక్ష తీసివేత!" అని ప్రకటించారు డైరెక్టరు గారు. "శ్రీమతి సత్యవేణి గారు!"

సత్యవేణి వేదికెక్కింది. హాల్లో ఆడవాళ్ళంతా ఒక్కసారి ముందుకు వంగారు. నెమలికంఠం రంగు మీద దీపాల వెలుగు పడి, కొంగు మీద కొంగలన్నీ లేచి ఎగరబోతున్నట్టున్నాయి.

"చీర తెచ్చారా అమ్మా?" అన్నారు డైరెక్టరు గారు.

"తెచ్చానండి."

"ఏదీ?"

"కట్టుకొచ్చాను. సత్యవేణి వద్ద కలదు అని రాశారు. కలదు."

డైరెక్టరు గారు జోగారావు గారిని చూశారు. జోగారావు గారు టేపు తీసుకుని రెండడుగులు వేసి, సత్యవేణి కళ్ళలోకి చూసి, మూడడుగులు వెనక్కి వేశారు.

"పైట వైపునుంచి కొలిచినచో..." అని నసిగారు.

కిందనుంచి మంగతాయారు గొంతు లేచింది. "ఏటండీ, ఆడమనిషి పైట కొలుత్తారా! మా పిల్లికున్నంత బుద్ధి లేదేటండి మీకు?"

హాలు గోలగోలైంది. డైరెక్టరు గారు చలించలేదు. మేష్టారి చెవి దగ్గర వంగి అన్నారు, "లక్షలాది పుస్తకాలు బడులకి వెళ్ళిపోయాయి. మూడున్నర రావాలి. మీరు మూలపురుషులు. నచ్చజెప్పండి. రాష్ట్ర కమిటీలో కుర్చీ మీ కోసమే ఖాళీగా ఉంది."

సత్యవేణి దిండు మీద కత్తెర తనే తీసుకుంది. కొంగు ఎడమచేత్తో పట్టుకుంది. మేష్టారి వైపు తిరిగి, హాలుకి వినపడకుండా అడిగింది.

"చెప్పండి. మీరు కత్తిరించమంటే కత్తిరించేస్తాను. ఎక్కడికి?"

మేష్టారు ఆ కొంగు చూశారు. ఒక్కో కొంగా ఒక్కో తీరుగా ఉంది. ఒకటి మెడ వంచింది, ఒకటి రెక్క చాచింది, ఒకటి ఒంటికాలి మీద నిలబడింది. ఆయన ఆ చీరని చూడ్డం అదే మొదటిసారి. విరవడానికి ఒక్క మాటైనా దొరుకుతుందేమోనని లోపలంతా వెతుక్కున్నారు. దొరకలేదు.

"ఆగు," అన్నారు. ఆ ఒక్క మాటే ఆయన జీవితంలో మెల్లిగా అన్న మాట. తర్వాత మామూలు గొంతుతో, "డైరెక్టరు గారూ! మా ఆవిడ ఒప్పుకోదు. వ్యక్తి నిరాకరిస్తే రచయితే ఆ వ్యక్తి. మీ ఉత్తర్వే. సమాన పరిమాణం గల సొంత వస్తువు కావాలి, అంతేనా?"

"అంతే."

"ఈ పంచెల చాపు ఇప్పుడు నా సొంతమేనా?"

"నిస్సందేహంగా. ఫొటో కూడా తీశాం."

జోగారావు గారు టేపు పరిచారు. పంచెకి నాలుగు, కండువాకి రెండుంపావు. వెరసి ఆరుంపావు. ఆయన మొహం దీపావళయింది. డైరెక్టరు గారు కూడా జీవితంలో మొదటిసారి కొంచెం పెదవి కదిపారు. "సమానమే! మానవ హృదయం సంతోషించేటంత సమానం!"

మేష్టారు కత్తెర అందుకున్నారు. రెండుముప్పావు దగ్గర జరీ కొంచెం మొరాయించింది గానీ తెగింది. పిల్లలు కోరస్‌గా "మూడున్నర!" అని అరిచారు. కొలిచారు. మూడున్నరే. పట్టుకి పొట్టు రాలదు.

అక్కడితో వదిలేస్తే ఏ గొడవా లేదు. సన్మానితులు సన్మాన వస్త్రం ధరించి ప్రసంగించాలని కార్యక్రమంలో ఉందిట. మేష్టారు తెర వెనక్కి వెళ్ళారు. పంచె అనేది నాలుగు మీటర్లుంటే హుందాతనం, మూడున్నర అయితే సాహసం. గోచీ పెడితే కుచ్చిళ్ళు రావు, కుచ్చిళ్ళు పెడితే గోచీ రాదు. ఎలాగో చుట్టుకుని బయటికొస్తే అంచు మోకాళ్ళ దగ్గర ఆగిపోయింది. మూలపురుషుడి పిక్కలు రాష్ట్రస్థాయిలో ఆవిష్కృతమయ్యాయి.

ముందు అప్పలసామి నవ్వాడు. "మేష్టారో! మీక్కూడా సగం దాకే అందిందాండీ?" తర్వాత మంగతాయారు, పిల్లలు, టీచర్లు. హెడ్మాస్టరు గారు నిద్రలోంచి లేచి మరీ నవ్వారు. ముక్తేశ్వరరావు మేష్టారి జీవితంలో హాలు హాలంతా ఒక్కసారిగా పడిపడి నవ్వడం అదే మొదలు. అప్పటికి ఆయనింకా నోరు తెరవలేదు.

నోరు తెరిచి ఇంతే అన్నారు: "సన్మానంలో సున్నితమైన భాగం మానమండీ. అది కొలమానంలో పెట్టకండి. సెలవు."

రాష్ట్ర కమిటీలో కుర్చీ ఖాళీగానే ఉండిపోయింది. పథకం మాత్రం ఆగలేదు. పుస్తకంలో ఆ ఒక్క పేజీకి సవరణ చీటీ అంటించారు: "ముక్తేశ్వరరావు వద్ద ఆరుంపావు మీటర్ల పంచెల చాపు కలదు." దాంతో ఇప్పుడు రాష్ట్రంలో ప్రతి ఆరో తరగతి పిల్లాడూ ఏటా ఆయన పంచె ఓసారి కత్తిరిస్తాడు. కొందరు ఒకటి లాక్కోవడం మర్చిపోయి నాలుగున్నర మిగిలిందని రాస్తారు. అలాంటి జవాబు కనిపిస్తే మేష్టారు మనసులో దీవించి మరీ తప్పు పెడతారు. అప్పలసామి నిచ్చెనకి కోసిన ముక్క ఆయన తనే తాడుతో కట్టించారు. గోడలు తెల్లబడుతున్నాయి.

తెగిపోయిన రెండుముప్పావు ముక్కని సత్యవేణి మడతలు పెట్టి కుట్టి, బోర్డు తుడుచుకోడానికి ఇచ్చింది. జరీ అంచు డస్టరున్న లెక్కల మేష్టారు జిల్లాలో ఆయనొక్కరే.

మొన్నామధ్య ఓ పెళ్ళికి వెళ్తూ సత్యవేణి ఆ నెమలికంఠం చీర కట్టుకుని గుమ్మంలో నిలబడింది. మేష్టారు ఈసారి తలెత్తి చూశారు.

"ఆ ఒంటికాలి కొంగ భలే ఉంది," అన్నారు.

"ఎన్నాళ్ళకి!" అంది ఆవిడ. "ఒక లెక్క చెబుతాను, చెయ్యండి. ఆరుంపావులోంచి సున్నా పోతే ఎంత?"

"ఆరుంపావే."

"అలాంటివి రాయండి. ఎవరికీ ఏమీ పోదు."

"మరి ఆ సున్నాగా ఎవర్ని వెయ్యాలి వేణీ? సజీవుడై ఉండాలి, స్థానికుడై ఉండాలి..."

సత్యవేణి ఆయన్ని మోకాళ్ళనుంచి మొదలుపెట్టి పైదాకా ఒక్కసారి కొలిచి చూసింది. 

"దొరికాడు," అన్నారు మేష్టారు, చెప్పులు వేసుకుంటూ.